అప్పు అందరిదీ, ఖజానా ఎవరిది?

ప్రైవేటు బ్యాంకులో ఆరితేరినవాడు సర్కారు ఖజానాకి వస్తే లెక్కలన్నీ చక్కబడతాయనే నమ్మకాన్ని పత్రికలు బాగా ప్రచారం చేసినాయి. ఆ నమ్మకాన్ని మేం ఒక మనిషి మీద కోపంతో కాదు, ఒక పత్రాన్ని చదివి పరిశీలించదలిచాం. అది 2021 ఆగస్టు 9న తమిళనాడు ఆర్థికమంత్రిగా పళనివేల్ త్యాగరాజన్ విడుదల చేసిన శ్వేతపత్రం.

ఆయన లేమన్ బ్రదర్స్‌లో, తర్వాత స్టాండర్డ్ చార్టర్డ్ బ్యాంకులో పెద్ద ఉద్యోగాలు చేసి రాజకీయాల్లోకి వచ్చారు. దొడ్డిదారిన రాలేదు, 2016లో, 2021లో మధురై సెంట్రల్‌లో ఓట్లతోనే గెలిచారు. 2021 మే నుంచి 2023 మే దాకా ఆర్థికశాఖ చూశారు. తాత పి.టి. రాజన్ జస్టిస్ పార్టీ నాయకుడు. 1936లో బొబ్బిలి రాజా సెలవులో ఉన్నప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీ ప్రభుత్వాన్ని నడిపినవాడు. బ్రాహ్మణేతరులకి ఉద్యోగాల్లో వాటా కోసం కొట్లాడిన పార్టీ అది. ఆ వాటాలో మా వాటా ఏదని అడిగిన ఎం.సి. రాజా 1923లో దాన్నొదిలి బయటికి రావాల్సొచ్చింది. ఇప్పుడీ శ్వేతపత్రాన్ని మేం అడుగుతున్నదీ ఆ ప్రశ్ననే.

పత్రంలో మంచి లేదని కాదు. ఖజానా పరిస్థితిని జనం ముందు పెట్టింది. రాష్ట్ర సొంత పన్నుల రాబడి పడిపోవడాన్ని అసలు జబ్బుగా చూపింది. ప్రతిదానికీ పేదల సంక్షేమం మీద నెపం వేసే రోజుల్లో ఇది చిన్న మాట కాదు.

అయితే జనం నోట నానిన అంకె వేరే ఉంది. ఒక్కో కుటుంబం మీద 2,63,976 రూపాయల ప్రభుత్వ అప్పు! మొత్తం అప్పుని కుటుంబాల సంఖ్యతో భాగిస్తే వచ్చిన అంకె. బ్యాంకు చూపుకి ఇందులో తప్పేం కనపడదు. భాగహారానికి కులం లేదు గదా! కాని ఊరికి కులముంది. తెచ్చిన అప్పు ఏ వీధికి రోడ్డయింది, ఎవరి పొలానికి కరెంటయింది, ఎవరి చేతిలో కాంట్రాక్టయింది? పుదుక్కోట్టై జిల్లా వేంగైవయల్‌లో దళితులు తాగే నీళ్ల ట్యాంకులో మలం కలిపిన సంగతి 2022 డిసెంబరులో బయటపడింది. ఆ వాడలోని ఇంటి మీదా, పట్నంలో నాలుగు కార్లున్న మేడ మీదా రాసిన అప్పు ఒకటే. సమానత్వం అప్పు పంచడంలో మాత్రం వచ్చింది.

ఇక ప్రతిభ మాట. ప్రైవేటు ఫైనాన్సులో రిజర్వేషన్ లేదు. అక్కడి అనుభవమే ఖజానా తాళాలకి అర్హతయితే, అక్కడ మనల్ని ఆపిన గుమ్మమే ఇక్కడా ఆపుతుంది. 2024 ఆగస్టులో కేంద్రం 45 పై పోస్టుల్లోకి బయటివాళ్లని నేరుగా తీసుకుంటామని ప్రకటించింది. రిజర్వేషన్ ఏదని గొడవ లేచాక కొద్ది రోజుల్లోనే వెనక్కి తీసుకుంది. అది ఉద్యోగాల సంగతి, అడగడానికి ఒక నియమం ఉంది. మంత్రిపదవుల పంపకానికి ఆ నియమమూ లేదు. 2021 నాటి ఆ మంత్రివర్గంలోనే ఆదిద్రావిడ సంక్షేమశాఖ దళిత మహిళ కయల్విళి సెల్వరాజ్‌కి ఇచ్చారు. బ్యాంకరుకి ఖజానా, దళితులకి సంక్షేమం! ఈ పంపకం అందరికీ సహజంగానే కనపడింది. మేం అనుమానిస్తున్నది ఆ సహజత్వాన్నే.

కులాన్ని లెక్కలోకి తెచ్చే పద్ధతి లేకపోలేదు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో దళిత సంఘాల పోరాటంతో 2013లో ఉపప్రణాళిక చట్టం వచ్చింది. జనాభాలో మా వంతెంతో ప్రణాళిక నిధుల్లో మా వంతూ అంతేనని చట్టంతో చెప్పించిన లెక్క అది. తమిళనాడులో అటువంటి చట్టం 2024లో గాని రాలేదు. అయితే చట్టం ఉన్నంత మాత్రాన సొమ్ము వాడకి నడిచిరాదు. బడ్జెట్ పుస్తకం తెరిచి మన పద్దులో రాసింది ఎంత, ఖర్చయింది ఎంత, ఎక్కడ అని అడిగేవాళ్లు కావాలి.

ఆ పనికి లేమన్ బ్రదర్స్ అనుభవం అక్కర్లేదు. మన హాస్టళ్లలో చదివిన పిల్లలు చాలు.