గైడు ఆపని చోట

గొల్లపల్లి నుంచి బస్సు కట్టుకొని హైదరాబాద్ చూడబోయినవాళ్లకు చార్మినార్ కాడ గైడు ఏం చెప్తాడు? 1591. నాలుగు మినార్లు. నవాబుల దర్జా. కుతుబ్‌షాహీలైనా, ఆసఫ్‌జాహీలైనా ఆయనకు అందరూ నవాబులే. పై అంతస్తులో మసీదుందని చెప్పడు. మక్కా మసీదు ముందు ఫొటో, ఆ తర్వాత గాజుల బజారు.

చార్మినార్ కట్టించిన మహమ్మద్ కులీ కుతుబ్‌షాయే ఆ దగ్గర్లో బాద్‌షాహీ ఆషూర్‌ఖానా కట్టించాడు. దాని గోడలనిండా రంగురంగుల పింగాణీ పలకలతో తీర్చిన అలంలు. 1908 మూసీ వరదకు పలకలు పాడైనచోట రంగులు పూసి సరిపెట్టారు. బస్సు అక్కడ ఆగదు.

ఆగాల్సింది అక్కడే. ఆ గోడ మీది అలం మన ఊళ్లవాళ్లకు కొత్తదా? పీర్ల పండుగనాడు గొల్లలూ, గౌండ్లోళ్లూ, సాకలోళ్లూ ఎత్తుకొని అలావ గుండం చుట్టూ తిరిగే పీరే కదా అది! గైడు చెప్పేదేముంది, వాళ్లే గైడుకు చెప్తారు.

ముస్లిం కళంటే చచ్చిపోయిన సుల్తానుల వైభవమేనని చూపిస్తే, బతికున్న ముస్లిం ఈ నేలకు చుట్టపుచూపుగా వచ్చినోడిలాగే కనబడతాడు. రాజుల్ని చూపించింది చాలు. పీరునెత్తిన చేతుల్ని చూపించండి.