నవ్వు చాటున బెంగ

మా ఆవిడ పోయిన మొదటి ఏడాదంతా మా ఇంట్లో ఎవరూ ఆవిడ మీద ఒక్క హాస్యపు ముక్క ఆడలేదు. పలకరించడానికి వచ్చినవాళ్ళందరూ "దేవతండీ" అన్నారు. నేనూ తలూపాను. నలభై ఏళ్ళు కాపురం చేసినవాణ్ణి, దేవత కాదని నాకు తెలియదూ? పాలు పొంగిపోతే ఆ నేరం నా నెత్తిన వేసేది. నా కళ్ళజోడు కనిపించకపోతే క్షణంలో వెతికి పట్టుకునేది గాని వెంటనే ఇచ్చేది కాదు. కొంగు చాటున దాచుకుని, పది నిమిషాలు నన్ను ఇల్లంతా తిప్పి, అప్పుడిచ్చేది. దేవతలు ఇలాంటి పనులు చెయ్యరు.

ఆబ్దికం నాడు భోజనాల దగ్గర మా చెల్లెలు గారె తుంచబోయింది. అది తెగలేదు. "అన్నయ్యా, వదిన గనక ఈ గారె చూస్తే వంటాయన్ని వదిలేసి ముందు నిన్ను దులిపేసును, ఈయన్ని కుదిర్చిన మహానుభావులు మీరేనా అని!" అంది. పంక్తిలో అందరూ గొల్లుమన్నారు. నవ్వి, ఒక్కసారిగా ఎవరి విస్తట్లోకి వాళ్ళు చూసుకోవడం మొదలుపెట్టారు. ఏడాది పొడుగునా ఎంత ఏడ్చినా రాని మనిషి, ఆ గారె వంకతో వచ్చి మా మధ్య కూర్చున్నట్టయింది.

ఆ రోజు పట్టుకుంది నాకీ సందేహం. మనిషి లేని లోటు చెప్పడానికి కన్నీటి కంటే నవ్వే నమ్మకమైందేమోనని. పని లేని రిటైరైనవాణ్ణి గనక ఆ సందేహంతోనే మన పుస్తకాలు మళ్ళీ తిరగేశాను.

మనకి ఈ బాధకి రెండు మాటలున్నాయి, గమనించారా? ఒకటి విరహం, రెండోది బెంగ. విరహం కావ్యాల్లో వుంటుంది. దానికి వెన్నెల కావాలి, మలయమారుతం కావాలి, పూలపాన్పు కావాలి, విసరడానికి చెలికత్తెలు కావాలి. బెంగకి ఇవేమీ అక్కర్లేదు. హాస్టల్లో దిగబెట్టిన పిల్లవాడికి వస్తుంది, తల్లిని అమ్మేస్తే దూడకి వస్తుంది. పైకి మాత్రం "నాకేం బెంగ? అన్నం సయించడం లేదు, అంతే" అంటాం. బెంగ తనని తాను ఒప్పుకోదు. అందుకే దానికి నవ్వు కావలసి వచ్చింది.

కావ్యాల విరహంలో మాత్రం నవ్వు లేదా? మేఘసందేశంలో యక్షుడు ఎంత చిక్కిపోయాడంటే చేతికున్న బంగారు కడియం జారిపోయింది. మన ప్రబంధ నాయికలు చంద్రుణ్ణీ మన్మథుణ్ణీ నిలబెట్టి తిట్టిపోస్తారు. ఆలంకారికులు దానికి ఉపాలంభం అని గౌరవమైన పేరు పెట్టారు గాని, అది అచ్చంగా మన వీధి కొళాయి దగ్గర వినిపించేదే. రావలసినవాడు రాలేదు, వాణ్ణి తిట్టడానికి మనసొప్పదు, ఆకాశంలో వూరికే వెలుగుతున్న చంద్రుడు దొరికాడు. చదువుతుంటే మనకి నవ్వొస్తుంది. అయితే ఆ నవ్వు కవి చమత్కారానికి వచ్చిందే గాని నాయిక మీద బెంగతో వచ్చింది కాదు. నాయిక మనకి దూరంగానే వుండిపోతుంది.

రామదాసు దగ్గరికి వచ్చేసరికి ఆ దూరం చెరిగిపోయింది. గోలకొండ చెరసాలలో కూర్చుని ఆయన రాముడికి జమాఖర్చులు చదివాడు. భరతుడికి పచ్చల పతకం చేయించాను, శత్రుఘ్నుడికి మొలతాడు చేయించాను, సీతమ్మ పతకానికి ఇంత పట్టింది, ఎవరి సొమ్మనుకుని ఇలా కులుకుతున్నావు అని నిలదీశాడు. తాసిల్దారుగా పని చేసినవాడు గదా, దేవుణ్ణి కూడా బాకీదారుణ్ణి నిలదీసినట్టే నిలదీశాడు! చివరికి, దెబ్బలకి తాళలేక నోరు జారాను, కోపగించుకోకయ్యా అని తగ్గాడు. ఇది నిందాస్తుతి అని పండితులంటారు. అవును. కాని ఆ లెక్కల వెనక వున్నది ఒక్కటే మాట, ఇంకా రావేం? అని. చనువు లేనిచోట ఎకసెక్కెం పుట్టదు. లెక్క అడిగాడంటే ఇంకా తనవాడే అనుకుంటున్నాడన్న మాట.

ఇక ఈ విషయంలో నాకు గురువు గురజాడ. 1910లో వచ్చిన ఆయన "దిద్దుబాటు" కథని సంఘ సంస్కరణ పాఠంగా మనందరం చదువుకున్నాం. పరీక్షల్లోనూ రాశాం. ఈ వయసులో మళ్ళీ చదివితే నాకది బెంగ కథగా కనిపించింది.

సానుల పాట విని గోపాలరావు అర్ధరాత్రి దాటాక ఇల్లు చేరాడు. గడియారం ఒంటిగంట కొట్టింది. అగ్గిపుల్ల గీసి చూస్తే మంచం ఖాళీ. బల్ల మీద ఉత్తరం. అందులో భార్య కమలిని ప్రియమైన సంబోధనలన్నీ మానేసి, దరఖాస్తు రాసినట్టు "అయ్యా" అని మొదలుపెట్టింది. అంతవరకు వేడుకలో తేలుతున్న ఆ పెద్దమనిషి ఈ ఒక్క మాటకి కుదేలైపోయాడు. నౌకరు రాముణ్ణి బతిమాలి, డబ్బు ఆశ పెట్టి, రేపు వెళ్ళి అమ్మగారిని తీసుకురమ్మన్నాడు. రాముడు అక్కడ చెప్పబోయే మాటలు సొంత తెలివితో ఒకసారి వినిపించాడు. ఆ మాటలు వింటే వచ్చే భార్య కూడా రాదు! అప్పుడు మంచం కింద నుంచి నవ్వు, గాజుల చప్పుడు.

మనమంతా గోపాలరావు మారాడా లేదా అని చూశాం. కమలినిని చూశామా? పది రోజులుగా రాత్రిళ్ళు ఎదురు చూసింది ఆవిడ. అతనికి తెలిసింది ఒక్క రాత్రి బెంగ, ఆవిడది పది రాత్రుల బెంగ. ఆ బెంగని ఏడ్చి చెప్పలేదు, పుట్టింటికి వెళ్ళి చెప్పలేదు. ఉత్తరం రాసిపెట్టి మంచం కింద దూరింది! ఆ దూరడం వుందే, అది నా దృష్టిలో వెయ్యి విరహ పద్యాల పెట్టు. నువ్వు లేకపోతే ఎలా వుంటుందో నువ్వూ ఒకసారి చూడు అని చెప్పడమది.

అయితే హాస్యమన్నదల్లా బెంగ కాదు. భార్య పుట్టింటికి వెళ్ళిందని మొగుడు పండగ చేసుకునే జోకులు మన పత్రికల్లో కొల్లలుగా వచ్చాయి. నేనూ చదివి నవ్వినవాణ్ణే. వాటిలో చిన్నబోయేది అక్కడ లేని మనిషి. నిజమైన బెంగ హాస్యంలో చిన్నబోయేది చెప్పేవాడు. రామదాసు తిట్టి తిట్టి తనే తగ్గాడు. గోపాలరావు తన నౌకరు ముందే తేలిపోయాడు. మునిమాణిక్యం వారి కాంతం కథల్లో ఓడిపోయేది ఎప్పుడూ ఆ మొగుడే; అందుకే ఆ కాంతం ఇంకా మనింటి మనిషిలా వుంది. గీటురాయి ఇదేనని నా మనవి.

ఇంకో చిక్కుంది. నవ్వుతో దుఃఖాన్ని తప్పించుకునేవాళ్ళూ వున్నారు. నిజమే. తప్పించుకునేవాడి జోకు ఎవరి గురించైనా సరిపోతుంది. బెంగపడ్డవాడి జోకు ఆ ఒక్క మనిషికే సరిపోతుంది. గారె గట్టిగా వుందని ఎవరైనా అంటారు. ఆ గారె చూసి వంటాయన్ని వదిలేసి నన్ను దులిపే మనిషి లోకంలో ఒక్కర్తే. దేవత అన్నప్పుడు ఆవిడ గోడ మీద పటంలోకి వెళ్ళిపోయింది. మా చెల్లెలు తిరిగి వంటింట్లోకి తెచ్చింది.

గోపాలరావు అదృష్టవంతుడు, అతని మంచం కింద నుంచి నవ్వు వినిపించింది. అందరికీ ఆ యోగం వుండదు. ఈ వ్యాసం రాయడానికి కూర్చుంటే కళ్ళజోడు కనిపించలేదు. బల్ల మీద, బీరువాలో, చివరికి మంచం కింద కూడా చూశాను. "చాల్లే, ఇంక ఇచ్చెయ్యి" అని పైకే అనేశాను. మా మనవడు ఫక్కున నవ్వి, "తాతయ్యా, నీ నుదుటి మీదే వుంది" అన్నాడు.

ఈసారి తొందరగానే ఇచ్చేసింది.