రైలు చక్రాల లయలో పుట్టిన మొసలి

తెలుగు పిల్లలకు 'నొప్పి డాక్టరు'గా తెలిసిన జంతువుల వైద్యుడు రష్యన్ రచయిత కొర్నేయ్ చుకోవ్‌స్కీ సృష్టి. సోవియట్ కాలంలో తెలుగులో అచ్చయి, విశాలాంధ్ర పుస్తకాల దుకాణాల మీదుగా మన ఊళ్ళకు చేరిన బొమ్మల పుస్తకాల్లో ఇలాంటివెన్నో. ఏ ఊళ్ళోనైనా పిల్లల్ని చుట్టూ కూర్చోబెట్టుకుని కథ చెప్పే ప్రతి టీచరూ, ప్రతి అమ్మమ్మా తెలుసుకోదగ్గ విద్య ఆయన దగ్గర ఉంది.

ఆయన 1882లో పీటర్స్‌బర్గ్‌లో పుట్టాడు. తండ్రి వదిలేసి వెళ్ళిపోతే తల్లి ఒడెస్సాలో ఊరివాళ్ళ బట్టలు ఉతికి పెంచింది. బడి చదువు సగంలోనే ఆగింది. పుస్తకం ముందేసుకుని తనంతట తానే ఇంగ్లీషు నేర్చుకుని, 1903లో పత్రికా విలేఖరిగా లండన్ వెళ్ళాడు. విట్‌మన్‌నూ, మార్క్ ట్వైన్‌నూ, కిప్లింగ్‌నూ రష్యన్ పాఠకులకు దగ్గర చేశాడు. హ్యూ లాఫ్టింగ్ రాసిన డాక్టర్ డూలిటిల్ కథను తిరగరాసే పనిలోనే నొప్పి డాక్టరు రూపుకట్టాడు. ఆయనలోని అనువాదకుణ్ణీ రచయితనూ విడదీసి చూడలేం.

పిల్లల కవిగా ఆయన పుట్టింది మాత్రం రైల్లో. జబ్బుపడ్డ కొడుకు రాత్రి ప్రయాణంలో మారాం చేస్తుంటే, వాణ్ణి ఊరుకోబెట్టడానికి నోటికొచ్చిన పాదాలు గబగబా చెప్పుకుపోయాడు. రైలు చక్రాల చప్పుడే తాళం. దిద్దుకోవడానికి తీరిక లేదు, వర్ణనలకు చోటు లేదు. ఆగితే పిల్లాడు ఏడుస్తాడు! అలా మొదలైన 'మొసలి' కథ 1917లో అచ్చయింది.

తర్వాత ఏళ్ళ తరబడి పసివాళ్ళ మాటలు సేకరించి 'రెండు నుంచి ఐదు దాకా' అనే పుస్తకం రాశాడు. పిల్లల కోసం రాసేవాళ్ళకు అందులో కొన్ని నియమాలు పెట్టాడు. ప్రతి రెండు పాదాలకూ ఒక బొమ్మ గీయగలగాలి. దృశ్యం చకచకా మారాలి. ప్రాస మాటలు దగ్గరదగ్గరగా పడాలి. అన్నిటికన్నా నాకు గొప్పగా తోచేది, విశేషణాలు తగ్గించి క్రియల మీద కథ నడపమన్న మాట. పసివాడికి వస్తువు ఎలా ఉందన్నది అంతగా పట్టదు, అది ఏం చేస్తోందన్నదే కావాలి.

నొప్పి డాక్టరు దగ్గరికి కుందేలు వచ్చే ఘట్టమే చూడండి. కుందేలమ్మ పరుగెత్తుకొస్తుంది. పిల్ల ట్రాము కింద పడింది, కాళ్ళు తెగాయి. డాక్టరు కొత్త కాళ్ళు కుట్టేస్తాడు. పిల్ల లేచి గెంతుతుంది, తల్లీ గెంతుతుంది. కుందేలు తెల్లదా, మెత్తదా అని ఏ పిల్లాడూ అడగడు.

ఇది మనకు కొత్త కాదు. ఏడు చేపల కథలో చేప మెరిసిందనీ, గడ్డి పచ్చగా ఉందనీ ఎవరూ చెప్పరు. ఎండలేదు, మేయలేదు, మేపలేదు, పెట్టలేదు, ఏడ్చాడు, కుట్టింది. చేప నుంచి చీమ దాకా కథంతా క్రియలే. చటుక్కున, బుడుంగున, తటాలున లాంటి చేవగల మాటలు తెలుగులో ఉన్నన్ని ఎక్కడున్నాయి? ఇంత సంపద చేతిలో పెట్టుకుని మన పిల్లల పుస్తకాల్లో విశేషణాలు గుచ్చి, చివర నీతి తగిలించడం నాకు బాధ కలిగిస్తుంది.

నీతి లేదన్న నింద చుకోవ్‌స్కీకీ తప్పలేదు. 1928లో లెనిన్ భార్య క్రూప్‌స్కయా స్వయంగా 'ప్రావ్దా' పత్రికలో 'మొసలి'ని అర్థంలేనిదంటూ దుయ్యబట్టింది. ఆయన వాదన ఒక్కటే. పిల్లి భౌభౌమందని విని పిల్లాడు నవ్వాడంటే, పిల్లి మ్యావ్‌మంటుందని వాడికి రూఢిగా తెలుసన్నమాట. తలకిందుల మాటలతో ఆడుకుంటూనే వాడు లోకం తీరు గట్టిపరుచుకుంటాడు.

మాస్కోలో కూర్చుని రష్యన్ సాహిత్యాన్ని తెలుగు చేసినవాళ్ళలో బరంపురంలో పుట్టిన వృక్షశాస్త్రవేత్త ఉప్పల లక్ష్మణరావు, రాళ్ళబండి వెంకటేశ్వరరావు ముఖ్యులు. 1991లో సోవియట్ యూనియన్ పోవడంతో ఆ పుస్తకాల రాక ఆగిపోయింది. పాత బొమ్మల పుస్తకాలు కొన్నిటిని 'మంచి పుస్తకం' సంస్థ మళ్ళీ అచ్చు వేసింది. వాటిని పిల్లల చేతికిచ్చి వదిలేయకుండా పైకి చదివి వినిపించండి. రష్యన్ ప్రాసలో కొంత తెలుగులోకి రాలేదు. ఆ లోటును చదివే గొంతు తాళంతో పూడ్చవచ్చు. కుందేలు గెంతే చోట మీరూ ఒక గెంతు గెంతితే మరీ మంచిది.