మెత్తని స్ప్రింగు, గట్టి వెన్ను

1962లో ఇంగ్లండులో లోటస్ కంపెనీ ఎలాన్ అనే చిన్న కారు తెచ్చింది. బరువు 680 కిలోలు అటూ ఇటూ. ఒళ్లంతా ఫైబర్‌గ్లాసు. ఆ తొడుగు ఎత్తి చూస్తే లోపల ఉండేది ఒకే ఒక్క ఎముక: ఉక్కు రేకును పెట్టెలా మడిచి, కారు నడిమధ్య పొడవునా వేసిన వెన్ను. రెండు కొసలా పంగలకర్రలా చీలుతుంది. ముందు పంగలో ఇంజను, వెనక పంగలో డిఫరెన్షియల్. మొదట సస్పెన్షన్ పరీక్షల కోసం తాత్కాలికంగా చేసిన ఛాసీయే చివరికి కారులోకి వచ్చిందని చెబుతారు. ఎలా పుడితేనేం, లోటస్ స్థాపకుడు కాలిన్ చాప్‌మన్ చేతిలో పడితే రేకుముక్కకూ ప్రాణం వస్తుంది!

గతుకు తగిలితే చక్రం లేవాలి, కారు లేవకూడదు. అందుకే స్ప్రింగు మెత్తగా ఉండాలి. టైరు నేలను అంటుకుని ఉన్నంతసేపే స్టీరింగుకైనా బ్రేకుకైనా విలువ. మెత్తని స్ప్రింగు ఊగుతూ పోకుండా షాక్ అబ్జార్బరు చూసుకుంటుంది. లోపలి నూనె సన్నని రంధ్రాల్లోంచి దూరుతూ ఆ ఊపును మింగేస్తుంది. మరి స్ప్రింగులు బిగించిన ఛాసీయే మెలితిరిగితే? అది ఐదో స్ప్రింగవుతుంది, దాన్ని ఆపే షాక్ అబ్జార్బరు ఎక్కడా లేదు. మెకానిక్ ఎంత ఓపికగా చక్రాల కోణాలు, క్యాంబరు, టో సరిచేసినా మలుపులో ఆ కొలతలు నిలవవు. చాప్‌మన్ వెన్నును అంత గట్టిగా, స్ప్రింగులను అంత మెత్తగా పెట్టింది ఇందుకే.

ఎలాన్ ముందు చక్రాన్ని చూడండి. పైన పొట్టి ఆర్మ్, కింద పొడుగు ఆర్మ్. మలుపులో కారు బయటి వైపు ఒరిగినప్పుడు ఆ పొట్టి ఆర్మ్ చక్రం తలను లోపలికి లాగి పడుతుంది. టైరు అంచు మీద కాకుండా పాదమంతా ఆన్చి నిలబడుతుంది. ఆ రెండు పొడవుల లెక్కలో ఎంత విద్య ఉందో!

1962లోనే చాప్‌మన్ లోటస్ 25 రేసు కారులో పైపుల చట్రం తీసేసి అల్యూమినియం రేకుల తొట్టెనే ఛాసీ చేశాడు. బరువు తగ్గింది, బిగువు పెరిగింది. 1963లో ఆ కారుతోనే ఫార్ములా వన్ పది రేసుల్లో ఏడు గెలిచి డ్రైవరు జిమ్ క్లార్క్ ప్రపంచ విజేత అయ్యాడు. మెక్‌లారెన్ ఎఫ్1 సృష్టించిన గోర్డన్ మర్రే అంతటివాడు కూడా ఎలాన్ స్టీరింగును తన కారులో అందుకోలేకపోయానని చెప్పుకున్నాడు. 1989 నాటి మాజ్దా ఎంఎక్స్-5కూ ఎలాన్‌దే ఒరవడి. 1996లో లోటస్ నుంచి ఎలీజ్ వచ్చింది: జిగురుతో అతికించిన అల్యూమినియం ఛాసీ, బరువు 68 కిలోలే. హార్స్‌పవర్ల పిచ్చివాళ్లు ఏమన్నా అననీ, నా ఓటు ఎప్పుడూ ఈ తేలిక బళ్లకే.

అలాంటి ఇంటి నుంచి ఇవాళ ఎలెట్రే అనే దాదాపు రెండున్నర టన్నుల ఎస్‌యూవీ వస్తోంది. మూడున్నర ఎలాన్‌లను తూకానికి పెట్టినా దాని బరువుకు సరిపోవు! ఎలీజ్ తయారీ 2021లో ఆగిపోయింది. ఎంత మోటారు పెట్టినా, ఎన్ని కంప్యూటర్లు తగిలించినా ఆ బరువు మలుపులో దాక్కోదు.

మన దగ్గర జరిగేది చూస్తే కడుపు మండిపోతుంది. కారు కిందికి దిగినట్టు కనబడాలని గ్రైండరుతో స్ప్రింగు చుట్లు కోసేస్తున్నారు. చుట్లు తగ్గితే స్ప్రింగు పొట్టిదవడమే కాదు, బిరుసెక్కుతుంది. చక్రానికి లేచే చోటే మిగలదు. అలా కోయించిన మిత్రుడి కారులో ఒకసారి అనంతగిరి ఘాట్ ఎక్కాను. మలుపు మధ్యలో చిన్న గతుకు. సస్పెన్షన్ బంప్ స్టాపుకు డబ్బుమని తగిలి, వెనక భాగం గెంతి పక్కకు జరిగింది. అటు పక్క లోయ. మావాడు నవ్వుతూ "గట్టి సస్పెన్షన్ కదరా" అన్నాడు. గట్టిగా ఉండాల్సింది అది కాదురా అని అరిచాను.

దయచేసి మీ స్ప్రింగు మీద గ్రైండరు పెట్టనివ్వకండి. ఆ డబ్బుతో అరిగిన లోయర్ ఆర్మ్ బుష్‌లు మార్పించండి, కారిపోతున్న షాక్ అబ్జార్బర్లు తీయించి కొత్తవి వేయించండి. అలైన్‌మెంట్ చూపించి, మీకు అలవాటైన మలుపులోనే, ఎప్పుడూ వెళ్లే వేగంతోనే ఒక్కసారి తిప్పి చూడండి.