హవాయి రాణి వాఙ్మూలము

రాజ్యము పోగొట్టుకొనిన ప్రభువులను గూర్చి ఇతరులు వ్రాసిన గ్రంథములు లోకములో లెక్కకు మిక్కిలిగా నున్నవి. కాని రాజ్యము పోయిన అయిదేండ్లకే, తగవు ఇంకను తీరకముందే, పోగొట్టుకొనినవారే కలము పట్టి, తమ్ము పదచ్యుతులను జేసినవారికి బాసటగా నిలిచిన జాతి యెదుట, ఆ జాతి భాషలోనే తమ పక్షమును నివేదించుకొనిన గ్రంథములు మిక్కిలి యరుదు. హవాయి ద్వీపముల కడపటి రాణియగు లిలియువోకలాని వ్రాసి 1898వ సంవత్సరమున బోస్టను నగరమున ప్రకటించిన "హవాయి రాణి చెప్పిన హవాయి కథ" అట్టి గ్రంథము.

ఆమె పేరు చెప్పగానే పలువురకు మొదట జ్ఞప్తికి వచ్చునది 1878 ప్రాంతమున ఆమె రచించిన "అలోహా ఓయె" యను వీడ్కోలు పాట. ఆ పాట ఓడరేవులనుండి చలనచిత్రములవరకు వ్యాపించినది. దానిని మెచ్చినవారు ఆమెను జాలిపడదగిన గాయనిగా నెంచి అంతటితో తృప్తిపడిరి. పాటవలన వచ్చిన కీర్తియే ఆమె గద్యమునకు అడ్డుపడినదని నా యభిప్రాయము. దుఃఖించు స్త్రీని చూచి కంట తడిపెట్టుట సులభము. సాక్ష్యము చెప్పు స్త్రీ మాట విని బదులు చెప్పుట అంత సులభము గాదు. కావున ఈ గ్రంథమును విలాపముగా గాక వాఙ్మూలముగా పరీక్షింతము. వాఙ్మూలమునకు తగిన ప్రశ్నలనే దీనిని గూడ అడుగవలెను: చెప్పినది నిలుచునా? దాచినది ఏది? చెప్పుటకు తోచనిది ఏది?

పూర్వకథ తెలియనివారికొరకు కొంచెము చెప్పవలసియున్నది. శాంత మహాసముద్రము నడుమనున్న ఈ ద్వీపములను కమేహమేహ యను ప్రభువు 1810 నాటికి ఒక్క రాజ్యముగా గూర్చెను. 1820లో అమెరికానుండి మిషనరీలు వచ్చి చదువును, క్రైస్తవమును నేర్పిరి. వారి సంతతివారిలో కొందరును, వర్తకులును, చెరకుతోటల యజమానులును కలసి బలవంతులైరి. 1887లో వారు ఆయుధములు చేతబట్టి, రాణి అన్నయగు కలాకౌవా రాజుచేత క్రొత్త రాజ్యాంగమునకు సంతకము చేయించిరి. రాజాధికారము తగ్గినది, ఆసియా ఖండమునుండి వచ్చినవారికి ఓటు లేకపోయినది, ఆస్తి లేని దేశీయులకు ప్రభువుల సభ నెన్నుకొను హక్కు దక్కలేదు. 1891 జనవరిలో కలాకౌవా మరణింపగా లిలియువోకలాని రాణి యయ్యెను. ప్రజల విన్నపములననుసరించి 1893 జనవరి 14వ తేదీన ఆమె వేరొక రాజ్యాంగమును ప్రకటింపబోగా మంత్రులు వెనుదీసిరి. 16వ తేదీన "బోస్టను" అను అమెరికా యుద్ధనౌకనుండి 160 మందికి పైగా సైనికులు ఒడ్డునకు దిగిరి. (ఆమె గ్రంథము అచ్చయిన యూరి పేరును ఆ నౌక పేరును ఒక్కటే యగుట చరిత్ర యాడిన పరిహాసము.) మరునాడు రాణి పీఠము విడిచెను. విడుచునపుడు, తాను లొంగుచున్నది అమెరికా సంయుక్త రాష్ట్రముల బలమునకేగాని తిరుగుబాటుదారులకు గాదని వ్రాసియిచ్చెను.

గ్రంథారంభమున రాజకీయము లేదు. హవాయి కులీనులలో బిడ్డ పుట్టగానే వేరొక కుటుంబమునకు పెంపున కిచ్చు ఆచారము కలదు. దానికి హానై యని పేరు. 1838లో జన్మించిన ఈమెను పాకీ, కొనియా యను దంపతులు పెంచుకొనిరి. పెంచిన తండ్రి మోకాళ్లపై కూర్చుండి ఆడుకొనిన తాను కన్న తలిదండ్రుల యెదుట పరాయివారి యెదుట నిలిచినట్లు నిలిచెడిదాననని ఆమె దాపరికము లేక చెప్పును. దత్తతలు మనకును క్రొత్త గావు; కాని అక్కడ పెంపకము వంశోద్ధరణకై కాక కుటుంబములను ముడివేయుటకై యేర్పడినదని ఆమె వివరించు తీరు శ్రద్ధగా చదువదగినది. తరువాత మిషనరీ దంపతులు నడపిన ప్రభువుల బిడ్డల బడి. రాత్రి భోజనము తరచుగా బెల్లపు పాకము పూసిన రొట్టెముక్క యొక్కటియే. ఆకలి తీరక రాజుల బిడ్డలు తోటలోని దుంపలు త్రవ్వి కాల్చుకొని తినిరట! ఇది చెప్పునపుడు ఆమె గురువులను నిందింపదు. వారు నేర్పిన చదువునకు కృతజ్ఞత చెప్పుచునే ఆకలిని గూర్చియు చెప్పును. మిషనరీల విద్యను గూర్చి ఈ రెండు మాటలను ఒక్కచోట చెప్పగలవారు కొందరే.

మన గృహిణులకు మిక్కిలి పరిచితముగా తోచు భాగము ఆమె కాపురమును గూర్చినది. 1862లో ఆమె జాన్ డొమినిస్ అనునతనిని వివాహమాడి అత్తగారి యిల్లు చేరెను. అత్తగారు శ్వేతజాతి స్త్రీ, విధవ, కొడుకు ఒక్కడే. కోడలిని ఆమె చొరబడి వచ్చినదానినిగా చూచెను. భర్త దయగలవాడే గాని, తల్లి మనసు నొచ్చునేమో యను విషయములో అటునిటు కదలనివాడు. ఆ ఘట్టమును ఆమె కొలదివాక్యములలో ముగించినది. కన్నీరు లేదు, నిష్ఠురము లేదు. అత్తగారు తుదకు మెత్తబడి ఆదరించినదని గూడ న్యాయముగా చెప్పెను. వాఙ్మూలము చెప్పువారి గుణము మనకు తెలియునది ఇట్టి చిన్న ఘట్టములలోనే. తనను చులకన చేసినవారిని గూర్చి ఇంత మితముగా పలికినది, శత్రువులను గూర్చి మాత్రము అతిశయోక్తులు పలుకునా యని చదువరి తలపోయును.

నడిమి భాగము మాత్రము ఓపికను పరీక్షించును. కాలిఫోర్నియా ప్రయాణము, 1887లో విక్టోరియా రాణి స్వర్ణోత్సవమునకు వదినెయగు కపియొలాని రాణితో లండను వెళ్లుట, అక్కడి విందులు, ఎవరి ప్రక్కన ఎవరు కూర్చుండిరో ఆ వివరములు. ఇందులకు కారణము లేకపోలేదు. హవాయి అనాగరికుల దీవి యని అమెరికా పత్రికలు వ్రాయుచున్నపుడు, యూరపు రాజులు తమతో సమానముగా నాదరించిన రాజ్యమది యని ఋజువు చేయుట ఆమెకు అవసరమే. అయినను ఋజువునకు ఒక విందు చాలును. పది విందులు అక్కరలేదు.

ఇంతకంటె బలమైన ఋజువు 1881 నాటి యధ్యాయములలో నున్నది. ఆ యేట కలాకౌవా భూప్రదక్షిణమునకు బయలుదేరి జపాను, చీనా, సయాము, బర్మాలు చూచి మన కలకత్తా బొంబాయిలకును వచ్చెను; తోటలకు వలసకూలీలను గూర్చి విచారించుట ఆ యాత్రోద్దేశములలో నొకటి. రాజ్యభారము చెల్లెలిది. అప్పుడే మశూచి ప్రబలెను. ద్వీపమునకు ద్వీపమునకు నడుమ రాకపోకలను ఆమె కట్టుదిట్టముచేసెను. వర్తకులకు నష్టము, కోపము. ఎన్ని ప్రాణములు నిలిచెనో లెక్కింప వీలులేదు గాని, వర్తకుల లాభమునకును ప్రజల ప్రాణములకును పోటీ వచ్చినపుడు ఆమె ఎటు మొగ్గునో ఆనాడే తేలినది. ఈ యధ్యాయములను లండను విందులంత విపులముగా వ్రాసియుండిన నెంత బాగుండును!

ఇక దోషములు. పదచ్యుతికి ముందు దినములలోనే ఆమె లాటరీ చట్టమునకును, నల్లమందు అమ్మకమునకు లైసెన్సు లిచ్చు చట్టమునకును సంతకము చేసెను. మంత్రుల సలహాకు బద్ధురాలనైతిననియు, అణచుటకు వీలులేని వ్యాపారమును నియమించుటయే మేలనియు ఆమె సమాధానము. ఈ సమాధానము నాకు తృప్తి గలిగింపలేదు. అదే వారములో, మంత్రులు వలదన్నను, 9,500 మంది ఓటర్లలో 6,500 మంది కోరిరని చెప్పి, రాజ్యాంగమునే మార్చుటకు తనకు హక్కు కలదని ఆమె వాదించుచున్నది. రాజ్యాంగ విషయములో ప్రజాభిప్రాయము మంత్రులను మించినదైనపుడు, జూద విషయములో మంత్రులు రాణిని మించినవారెట్లైరి? మద్యమును జూదమును గృహములకు శత్రువులుగా నెంచు మనము, ఆమె యందలి గౌరవముచేత ఈ ప్రశ్నను మ్రింగివేయరాదు. అయితే ఒక దేశమును పరులు గైకొనుటకు ఇది కారణము గాదనుటయు నిజమే. లైసెన్సు నల్లమందు నమ్మిన ప్రభుత్వములు ఆ కాలమున లోకములో ఇంకను నుండెను, వాని పీఠములనెవరును కదలింపలేదు.

రెండవ చిక్కు 1893 నవంబరు సంభాషణ. తిరిగి సింహాసనమెక్కించినచో తిరుగుబాటుదారులను క్షమింతురా యని అమెరికా రాయబారి విల్లిస్ అడుగగా, వారి తలలు కొట్టింతునని రాణి పలికినట్లు అతడు వ్రాసి పంపెను. అట్టి మాట తాను పలుకలేదనియు, చట్టములోని మరణశిక్షను మాత్రము చెప్పితిననియు ఆమె వాదన. ఆ వ్రాతను తరువాత ఆమెకు చదివి వినిపింపగా సరియే యనినట్లును రాయబారి వ్రాసియున్నాడు. దీనికి ఆమె యిచ్చిన జవాబు బలహీనము. కాని డిసెంబరు 18వ తేదీన ఆమె పూర్ణక్షమకు సమ్మతించి వ్రాసియిచ్చెను. లోకము ఆ వ్రాతను మరచి ఆ పలుకును మాత్రము జ్ఞాపకముంచుకొనినది.

గ్రంథమునకు ప్రాణము 1895వ సంవత్సరపు అధ్యాయములు. రాబర్టు విల్కాక్సు నడపిన ఎదురు తిరుగుబాటు విఫలమైన పిమ్మట జనవరి 16న రాణిని బంధించి ఆమె ప్రాసాదమగు ఇయోలానిలోనే మేడమీది గదిలో నుంచిరి. 24వ తేదీన సింహాసన పరిత్యాగపత్రము తెచ్చిరి. సంతకము చేయనిచో అనుచరుల ప్రాణములు దక్కవనిరి. ఆమె చేసెను, చేసిన తరువాతను వారిమీద విచారణలు జరిగినవి, శిక్షలు పడినవి. ఆ సంతకము ఏ పేరున చేయవలెననగా "లిలియువోకలాని డొమినిస్" అని చేయుమనిరట. బాల్యములో ఆమె పేరు లిడియా కమకయెహా. వివాహానంతరము లిడియా డొమినిస్. 1877లో సింహాసనమునకు వారసురాలైనది మొదలు లిలియువోకలాని. రాణి పేరునకు మగని యింటిపేరు తగిలించిన ఆ మూడవ మనిషి తన యెరుకలో ఎన్నడును లేదని ఆమె వ్రాసినది. ఇది కేవలము చమత్కారము గాదు. పత్రము చెల్లదనుటకు ఇంతకు మించిన వాదము ఏ న్యాయవాదియు చేయజాలడు. ఇచ్చట ఆమె శైలి మారును. విందులు వర్ణించిన దీర్ఘవాక్యములు పోయి, తేదీ, మనిషి, మాట, ఇవియే మిగులును. తన సింహాసనశాలలోనే తనను విచారించిన సైనిక న్యాయస్థానమును, అయిదేండ్ల కఠినశిక్షయు 5,000 డాలర్ల జరిమానాయునను తీర్పును ఆమె ఇతరుల సంగతి చెప్పినట్లు చెప్పును. చెరలో వార్తాపత్రికలు లేవు. కాగితము, పెన్సిలు మాత్రము దక్కినవి. స్వరము వ్రాయు గీతల కాగితము లేకపోగా గీతలు తానే గీచుకొని పాటలు కట్టెను.

ఆ నిర్బంధములోనే మొదలుపెట్టినది రెండవ గ్రంథము, "కుములిపో" యను ప్రాచీన సృష్టిగానమునకు ఆంగ్లానువాదము, 1897లో ప్రకటితము. స్వీయచరిత్రమును చదివి దీనిని చదువనివారు సాక్ష్యములో సగమే వినినవారు. రెండువేలకు పైగా పాదములు, 16 భాగములు. మొదటి ఏడు చీకటికి, తక్కినవి వెలుగునకు చెందినవి. చీకటినుండి పగడపుపురుగు, తరువాత గుల్లలు, నీటిలోని నాచునకు జతగా నేలమీది మొక్క, పక్షులు, మృగములు, తుదకు మనుష్యులు, మనుష్యులలో ప్రభువుల వంశము. అనువాదముగా దీనిలో లోపములు గలవు. టిప్పణములు తక్కువ, తరువాత 1951లో మార్తా బెక్విత్తు ప్రకటించిన సంపుటము చాల సందేహములను తీర్చినది. అయినను ఇది భట్రాజు పొగడ్త వంటిదని తలపరాదు. కలాకౌవా వంశము తక్కువదని ప్రత్యర్థులు చెప్పిన మాటకు ఇది బదులు. తమ జాతికి చరిత్ర లేదన్న వారికి గూడ బదులు.

స్వీయచరిత్రములోని పెద్ద లోటు కూడ దీనివలననే బయటపడును. అందు ప్రజలు రేవులో పూలమాలలతో నిలుతురు, పాడుదురు, ఏడ్తురు, మాటాడరు. 1848 నాటి భూవిభజనములో సామాన్యులకు నేలలో నూటికి ఒక వంతైనను రాకపోయిన సంగతి రాణికి తెలియనిది గాదు. ఆమె గ్రంథములో అది పెద్దగా వినబడదు. ఆమె చూపు కులీనులది. పగడపుపురుగునుండి ప్రభువువరకు ఒక్క వంశముగా గానముచేసిన పూర్వులు ఈ విషయములో ఆమెకంటె విశాలదృష్టి గలవారు.

ఆమె చెప్పనిచోట ప్రజలే చెప్పిరి. 1897లో సంయోగసంధి అమెరికా శాసనసభకు వచ్చినపుడు, స్త్రీల సంఘమును పురుషుల సంఘమును ద్వీపద్వీపము తిరిగి 21,000కు పైగా సంతకములు కూర్చి ఆ విన్నపమును వాషింగ్టనునకు పంపినవి. దేశీయుల సంఖ్య ఆనాడు 40,000 దాపుననే యుండెను. సంధి నెగ్గలేదు, కాని 1898 జూలైలో, స్పెయిను యుద్ధసందడిలో, ఉభయసభల తీర్మానముతో ద్వీపములను కలుపుకొనిరి. 1896లోనే బడులలో దేశభాష స్థానమును ఆంగ్లము గైకొనెను. ఆంగ్లపత్రములు మాత్రమే చదివిన చరిత్రకారులు దేశీయులు మారుపలుకక లోబడిరని వ్రాయుచు వచ్చిరి. ఆ సంతకములను నొయెనొయె సిల్వా యను విదుషి 1990 తరువాతి దశాబ్దములో వాషింగ్టను పత్రాగారమునుండి వెలికి తెచ్చి, దేశభాషా పత్రికలతో కలిపి చదివినది. పదచ్యుతిలో తమ ప్రతినిధుల పాలున్నదని అమెరికా శాసనసభ 1993లో తీర్మానము చేసి క్షమాపణ చెప్పినది. 1917లో మరణించిన రాణి దీనిని వినలేదు. తన జాతి సమ్మతింపలేదన్న ఆమె ప్రధానవాక్యము స్వప్రయోజనపు మాట యని త్రోసివేయబడినది గదా, దానికి ఇప్పుడు ఇరువదియొక్క వేల సాక్షులు.

ఈ గ్రంథమును ఎవరైనను తెనిగింపదలచినచో, లండను ఉత్సవములను కొలదిపుటలకు కుదింపవచ్చును. బాల్యము, అత్తవారిల్లు, మశూచి, చెర, ఈ భాగములలో ఒక్క వాక్యమును విడువరాదు. అనుబంధముగా 1897 జూన్ 17న వాషింగ్టనులో ఆమె దాఖలుచేసిన నిరసనపత్రమును, దాని వెనుకనే ఆ సంతకముల పుటలలో ఒక రెండింటి ప్రతిబింబములను చేర్చవలెను. నిరసనపత్రము క్రింద ఆమె చేసిన సంతకములో డొమినిస్ అను మాట లేదు.