ఒక్కతీరు గాని ఆపిలుపండ్లు

జపానుదేశమునందు 1983వ సంవత్సరమున టీ.బీ.ఎస్. సంస్థవారు ప్రసారము చేసిన "ఫుజొరొయి నొ రింగొతాచి" యను టెలివిజను నాటకము, విద్యార్థిదశ దాఁటి లోకమునఁ గాలిడు యువకుల కథ. రచయిత యమదా తాయిచి (1934–2023). నాటకనామమున కర్థము "ఒక్కతీరు గాని ఆపిలుపండ్లు". అంగడివాఁడు పరిమాణమునుబట్టి పండ్లను వేఱుచేసినట్లు లోకము విద్యాలయనామమునుబట్టి మనుష్యులను వేఱుచేయుచున్నదని యిందలి ధ్వని.

నాయకులు మువ్వురు: యొషియొ, కెనిచి, మినొరు. వీరు చదువునది పేరుప్రతిష్ఠలు లేని సాంకేతిక విద్యాలయము. ఇట్టి వస్తువును గైకొన్న సామాన్యరచయిత, యువకులు నిర్దోషులు, లోకము దుష్టము అని తేల్చి ముగించును. యమదా యట్లు చేయలేదు. వీరు స్థాపించిన విహారసంఘమునఁ జేరవచ్చిన యోకొ, హరూయె యనువారు నర్సువిద్య నభ్యసించువారయ్యుఁ దాము ప్రఖ్యాతకళాశాలవారమని బొంకుదురు. లోకము తన్నుఁ జిన్నచూపు చూచుచున్నదని కుందు మినొరు, స్థూలకాయ యగు అయాకొను రూపమునుబట్టి తానును జిన్నచూపు చూచును. తూఁచఁబడినవారే త్రాసు చేతఁబట్టి యొరులను దూఁచుచున్నారు. ఈ నాటకమునకుఁ బ్రాణ మిదియే.

రచనాశిల్పమును దీనికిఁ దగియున్నది. పది భాగములకుఁ బది ప్రశ్నలే శీర్షికలు. మొదటిది "మీ విద్యాలయ మేది?" అనునది, తుదిది "రొమ్ము విరిచి నిలిచియున్నారా?" అనునది. మొదటి ప్రశ్న లోకము యువకుని నడుగునది. కడపటిది యువకుఁడు తన్నుఁ దానే యడుగుకొనవలసినది. ఈ రెంటి నడుమ నడచిన నడకయే పెద్దవాఁడగుట.

సమాధానము యువకుల నోటఁ గాక, యొషియొ యన్నయగు కోయిచి నోట వెలువడును. సంతానము లేని రోగిష్ఠి కోడలిని విడువుమని తల్లి నిర్బంధింపఁగా, ఆమెయే తనకు వలయునని యతఁడు కడపటి భాగమునఁ దెగించి పలుకును. త్రాసును విసర్జించుట యెట్టిదో తమ్మునికి దృష్టాంతరూపమున నిట్లు బోధపడును.

నాయకులకు ఫలప్రాప్తి లేదనియు, కథ యన్నగారి సంసారమునకు మరలినదనియు నాక్షేపింపవచ్చును. కాని గొప్ప యుద్యోగమునే ఫలముగాఁ జూపినచో నాటకము తాను గర్హించిన త్రాసునకే తలయొగ్గినదగును. కావున నీ ముగింపు దోషము గాదు, ఔచిత్యమే. ఆ ప్రశ్న యంతటితోఁ దీఱలేదనుటకు, ఆ పాత్రలనే 1985, 1991, 1997 సంవత్సరములలో మరల రంగమునకుఁ దెచ్చిన తరువాతి భాగములే సాక్ష్యము.