కౌమారవిద్య - పరిభాష, వాడుకభాష: పశ్చిమ కర్నూలు నేపథ్యంలో ఒక పరిశీలన

ఉపోద్ఘాతం

పాఠ్యపుస్తకం శరీరాన్ని గురించి చెప్పే భాషకూ, ఇంట్లో వినిపించే భాషకూ నడుమ ఉన్న దూరం కౌమారవిద్యకు ఒక ప్రధాన అవరోధం. కృష్ణగిరి, ఆదోని, ఎమ్మిగనూరు ప్రాంతాల నేపథ్యంలో ఆ దూరాన్ని పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

పరిభాష

ఉమ్మడి రాష్ట్రంలో రూపొందిన ఎనిమిదో తరగతి జీవశాస్త్ర పాఠ్యపుస్తకంలో ‘కౌమారదశ’ ఒక ప్రత్యేక పాఠం. ఋతుచక్రం, ద్వితీయ లైంగిక లక్షణాలు వంటి పదాలు నిందార్థం లేనివి కావడం ఒక సౌలభ్యం. అయితే అవి ఇంట్లో వినపడని మాటలు. అందువల్ల పరీక్షలో రాసే సమాధానంగా మిగిలిపోతాయి కానీ అమ్మను అడగదగిన ప్రశ్నగా మారవు.

వాడుకభాష

‘ముట్టు’ అనే ధాతువుకు తాకడం అని అర్థం. తాకరాని స్థితికీ అదే పేరు. కన్నడంలోనూ ఈ మాటకు ఈ రెండర్థాలూ ఉన్నాయి. తెలుగు ‘మైల’కు కన్నడ ‘మైలిగె’ జోడు. రెండు భాషలూ కలిసే ఈ సరిహద్దు ప్రాంతంలో బాలిక ఇంటిభాష ఏదైనా శరీరధర్మం ముందుగా నిషేధంగానే పరిచయమవుతుంది.

‘పెద్దమనిషి’ మరింత ఆలోచించదగిన మాట. పురుషుని పట్ల వాడితే అది ఊరి తగవు తీర్చగల గౌరవాన్ని సూచిస్తుంది. బాలిక పట్ల వాడితే బాల్యం ముగిసిందని ప్రకటిస్తుంది. ఒకరికి మాట చెల్లుబాటు పెరుగుతుంది, మరొకరికి తగ్గుతుంది. 2006 చట్టం బాలికల వివాహ వయసును 18 ఏళ్లుగా నిర్దేశించినా, ఐదవ జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే (2019-21) ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో 20-24 ఏళ్ల స్త్రీలలో 29.3 శాతం మందికి ఆ వయసులోపే పెళ్లయింది. ఈడేరడాన్నే పెళ్లీడుగా భావించే వాడుకను ఈ అంకెతో కలిపి చదవాలి. కుటుంబాలు మిరపకోతలకు గుంటూరు వైపు వలసపోయే ఈ ప్రాంతంలో బాలిక చదువు మరింత బలహీనమైన దారంపై వేలాడుతుంది.

బాలుని గొంతు మారడం వేడుకా కాదు, నిషేధమూ కాదు. అతని సందేహాలకు ఇంట్లో మాటే లేదు.

పథకం - సాహిత్యం

2021 అక్టోబరులో రాష్ట్ర ప్రభుత్వం ప్రారంభించిన ‘స్వేచ్ఛ’ పథకం 7 నుంచి 12 తరగతుల బాలికలకు నెలకు 10 న్యాప్కిన్ల పంపిణీని నిర్దేశించింది. ఇది అవసరమైన చర్య. కానీ వస్తువు చేతికందినంత మాత్రాన మైల భావన తొలగదు. పైగా పంపిణీ బాలికలకే పరిమితం కావడంతో విషయం ‘ఆడపిల్లల సంగతి’గానే మిగిలే ప్రమాదముంది.

సాహిత్యం ఈ మౌనాన్ని ముందే ప్రశ్నించింది. పాఠశాలల ఇన్‌స్పెక్టరుగా పనిచేసిన చలం ‘బిడ్డల శిక్షణ’, స్త్రీ శరీరం చుట్టూ అల్లుకొన్న అధికారాన్ని విప్పిన ఓల్గా ‘రాజకీయ కథలు’ ఇందుకు నిదర్శనాలు. అయినా కౌమారవిద్య చర్చలో వీటి ప్రస్తావన అరుదు.

ముగింపు

శరీరధర్మాన్ని వివరించడం జీవశాస్త్ర ఉపాధ్యాయుని పని. ‘ముట్టు’, ‘మైల’, ‘పెద్దమనిషి’ మాటల చరిత్రను విప్పి చెప్పడం తెలుగు ఉపాధ్యాయుని పని. బాలబాలికలిద్దరూ కూర్చున్న తరగతిలో ఈ మాటలను నల్లబల్లపై ‘ఋతుస్రావం’ పక్కన రాయగలిగినప్పుడే ఆ పాఠం ఇంటిదాకా వెళ్తుంది.